కుంకుమ అంటిన సమన్లు

ఎమర్జెన్సీ ఎత్తేసిన మరుసటి సంవత్సరం. కోలార్ గోల్డ్ ఫీల్డ్స్‌లో దొరల కంపెనీ పోయి గనులు సర్కారు చేతికి వచ్చి చాలా కాలమే అయింది. రాబర్ట్‌సన్‌పేట బజారులో ఒక సైకిలు షాపు మిద్దె మీద నా వకీలు ఆఫీసు. గోడ తగాదాలు, బాడుగ తగాదాలు, శ్రీనివాసపురం వైపు మామిడి తోపుల హద్దు తగాదాలు, ఇవే నా దగ్గరికి వచ్చేవి. అంతర్జాతీయ న్యాయం అనేది లా కాలేజీలో అత్తెసరు మార్కులతో గట్టెక్కిన ఒక పేపరు. మారికుప్పం గని కూలీల లైన్లలో దానితో పని పడుతుందని ఎవరైనా అప్పుడు చెప్పి ఉంటే నవ్వి ఊరుకునేవాణ్ణి.

ఆ పని తెచ్చిపెట్టినవాడు వెంకటప్ప. వాళ్ళ నాయన రాయల్పాడు దగ్గర రాగి చేలు వదిలేసి గనిలో కూలికి వచ్చిన మనిషి. వెంకటప్ప మాత్రం వైండింగ్ డ్రైవరు అయ్యాడు. వైండింగ్ డ్రైవరు బండి నడపడు. షాఫ్టు అనే గని బావి పక్కన ఇంజన్ గదిలో కూర్చుని, పెద్ద డ్రమ్ముకు చుట్టిన ఇనుప తాడుతో కేజిని దింపుతాడు, ఎత్తుతాడు. కేజి అంటే మనుషులను మోసే ఇనుప పంజరం. లోపలికి దిగేవాళ్ళ ప్రాణాలన్నీ అతని చేతి కింద ఉన్న బ్రేకు మీద ఉంటాయి.

ఒక పొద్దుటి షిఫ్టులో ఆ బ్రేకు పట్టలేదు. కేజి వెళ్ళి అడుగున కొట్టుకుంది. కొందరికి కాళ్ళు విరిగాయి. మునిరత్నం అనే అతను చనిపోయాడు. అతనిదీ వెంకటప్పదీ ఒకే లైనులో పక్కపక్క ఇళ్ళు. లైన్లంటే గని కూలీలకు వరుసగా కట్టిన చిన్న ఇళ్ళు, గోడ అవతల దగ్గినా వినిపిస్తుంది. యాజమాన్యం విచారణ వేసింది. డ్రైవరు బ్రేకు ఆలస్యంగా వేశాడని తేల్చేసి, వెంకటప్ప సర్టిఫికెట్ లాగేసుకుని, యార్డులో పాత ఇనుము మోసే పనికి తోసేసింది.

నా దగ్గరికి వచ్చినప్పుడు అతను కుర్చీలో కూడా కూర్చోలేదు. నిలబడే చెప్పాడు. "డ్యూటీ వాపసు ఇయ్యకపోయినా పోనీ లాయరప్పా. నేను టయానికే బ్రేకు ఏసినాను. రాడ్డు ఇరిగిపోయింది. ఆ మాట గంగమ్మకు తెలియాల. కొళాయి కాడ నేను కనపడితే బిందె ఎత్తుకోని పోతాది ఆయమ్మ."

గంగమ్మ మునిరత్నం భార్య. అతనికి కావలసింది అంతే. తన మొగుణ్ణి చంపింది వెంకటప్ప కాదని ఆమె నమ్మాలి. ఇది ఎంతసేపటి పని అనుకున్నాను. విరిగిన బ్రేకు రాడ్డును కోర్టులో పెట్టి, తెలిసిన ఇంజనీరుకు చూపిస్తే అయిపోతుంది కదా. అక్కడే తప్పులో కాలేశాను. రాడ్డు మన దేశంలోనే లేదు. ప్రమాదం జరిగిన వారంలోనే, ఆ ఇంజన్ తయారు చేసిన ఐరోపా కంపెనీ దాన్ని పరీక్షకని పట్టుకుపోయింది. రాడ్డూ తిరిగి రాలేదు, రిపోర్టూ రాలేదు. కంపెనీ పేరు ఇక్కడ రాయను. రాస్తే, ఆ పేరుతో మాకిప్పుడు సంబంధం లేదని ఎక్కడినుంచో ఒక ఉత్తరం వస్తుంది. వాళ్ళ పద్ధతి నాకు బాగా తెలుసు.

మా మున్సిఫ్ కోర్టులో దావా వేశాను. విచారణలో తేల్చింది చెల్లదని గని యాజమాన్యం మీద, రాడ్డు తెచ్చి చూపమని విదేశీ కంపెనీ మీద. జడ్జిగారు మంచివారే. కాగితాలు తిరగేసి, కంపెనీ మీద మనకు జ్యూరిస్‌డిక్షన్ ఎక్కడిదండీ అన్నారు. జ్యూరిస్‌డిక్షన్ అంటే ఒక కోర్టు చెయ్యి ఎంత దూరం అందుతుందో ఆ హద్దు. ముందు వాళ్ళకు సమన్లు అందించండి, అప్పుడు చూద్దాం అన్నారు. అందించడమే కదా అనుకుని బయటికి వచ్చాను.

బెంగళూరులో ఆ కంపెనీ బోర్డు ఉన్న ఆఫీసుకు కోర్టు అమీనును పంపించాం. అమీను అంటే సమన్లు చేతికిచ్చి సంతకం తీసుకునే కోర్టు నౌకరు. మేము సామాన్లు అమ్మిపెట్టే ఏజెంట్లం మాత్రమే, కంపెనీ వేరు, మేము వేరు అని వాళ్ళు వెనక్కి పంపారు. రెండోసారి వెళ్ళేసరికి గోడ మీద బోర్డు కూడా లేదు, మేకులు మిగిలాయి. సరే, ఢిల్లీ మంత్రిత్వశాఖ ద్వారా ఆ దేశానికే పంపించాం. వాళ్ళ భాషలోకి తర్జుమా జతచేయలేదని తిరిగొచ్చింది. తర్జుమా చేయించి పంపితే, ఇంజన్ అమ్మిన కంపెనీ మూతపడిందనీ, ఆ పనులు చూసేది అదే గుంపులోని ఇంకో కంపెనీ అనీ తిరిగొచ్చింది. కొత్త పేరు మీద పంపితే ఈ పేరు దావాలో లేదన్నారు. దావాలో పేరు చేర్చి మళ్ళీ పంపేసరికి నా తల ప్రాణం తోకకొచ్చింది.

పోనీ వాళ్ళ దేశంలోనే దావా వేద్దామా అని అక్కడి ఒక వకీలుకు రాశాను. పాపం, మర్యాదగానే జవాబు రాశాడు. ప్రమాదం మీ దేశంలో, సాక్షులు మీ దేశంలో, మనిషి చనిపోయింది మీ దేశంలో, కాబట్టి ఇక్కడి కోర్టు మీ కోర్టుకే పొమ్మంటుందని. ఇక్కడ అడిగితే కంపెనీ అక్కడుంది. అక్కడ అడిగితే ప్రమాదం ఇక్కడ జరిగింది. సంపాదించడానికి మాత్రం రెండు దేశాలూ వాళ్ళవే. వెంకటప్ప ఇల్లు మారికుప్పంలో ఫలానా లైనులో ఫలానా నంబరు, నోటీసు వస్తే తప్పించుకునే దారే లేదు. ఆ ఉత్తరం చదివిన రోజు అరికాలి మంట నెత్తికెక్కింది.

ఈలోగా గని యాజమాన్యం లా ఆఫీసరు ఒక సాయంత్రం నా మిద్దె ఎక్కి వచ్చాడు. చిత్తూరు మనిషి, చదువుకున్నవాడు, నాకు పాత పరిచయం. కంపెనీతో గనికి ఉన్న ఒప్పందంలో, ఏ తగాదా వచ్చినా వాళ్ళ దేశపు కోర్టులోనే, వాళ్ళ చట్టం ప్రకారమే తేల్చుకోవాలని రాసి ఉందన్నాడు. అది మీరు పెట్టిన సంతకం, వెంకటప్ప పెట్టలేదు అన్నాను. అప్పుడు గొంతు తగ్గించాడు. ఆ దేశం మనకు అప్పు ఇవ్వడం గురించి ఢిల్లీలో మాటలు నడుస్తున్నాయట. పైగా వైండింగ్ ఇంజన్ల విడిభాగాలు వాళ్ళ దగ్గర తప్ప ఎక్కడా దొరకవట. ఈ దావా పెద్దది చేయకండని పైనుంచి మాట వచ్చిందట. మనిషి పోయాడు కదయ్యా అన్నాను.

"పోయినాడు, నిజమే. రేపు స్పేర్లు ఆపేస్తే అన్ని షాఫ్టులూ నిలబడిపోతాయి. అప్పుడు ఇన్ని వేల మందికి ఎవురు కూడు పెడ్తారు? నువ్వా?"

అతను చెప్పింది అబద్ధం కాదు. అదే నాకు ఎక్కువ మంట. గనిని దేశం తీసుకుంది, బంగారం దేశానిది, ఇంజన్ దేశానిది, ఆ ఇంజన్ కింద చచ్చిన మనిషీ దేశం మనిషే. అమ్మినవాణ్ణి ఒక ప్రశ్న అడగడానికి మాత్రం దేశానికి నోరు పెగలదు.

అప్పుడు సివిల్ ప్రొసీజర్ కోడులో ఒక చిన్న నిబంధన కంటపడింది. వ్యాపారానికి సంబంధించిన దావాలో ప్రతివాది కోర్టు హద్దులో లేకపోయినా, అతని తరఫున ఆ వ్యాపారాన్ని, ఆ పనిని స్వయంగా చేస్తున్న మనిషి సమన్లు ఇచ్చే సమయానికి హద్దులో ఉంటే, అతని చేతికిచ్చినా చాలు. అలాంటి మనిషి ఒకడు ఏటా మా ఊరికి వస్తాడు. కంపెనీ సర్వీస్ ఇంజనీరు. కూలీలు బ్రేకు దొర అంటారు. అతను వచ్చేది ఆయుధపూజ నాడే. గనిలో వైండింగ్ ఇంజన్లు పండగని లేదు, పబ్బమని లేదు, ఎప్పుడూ తిరుగుతూనే ఉంటాయి. ఆయుధపూజ నాడు మాత్రం ఎవరు చెప్పినా తిప్పరు. అందుకే బ్రేకును విప్పి లోపల చూడటానికి దొరకు ఆ ఒక్కరోజే దొరికేది. ఆ సంగతి తట్టగానే కుర్చీలోంచి లేచి నిలబడ్డాను.

పండగ రోజు పొద్దున్నే సమన్లతో అమీనును తీసుకుని ఇంజన్ గదికి వెళ్ళాను. లోపలికి వెళ్ళేసరికి నా కళ్ళను నేనే నమ్మలేదు. దొర చొక్కా చేతులు పైకి మడిచి, పానా పట్టుకుని, ఒళ్ళంతా గ్రీజుతో బ్రేకు కింద దూరి ఉన్నాడు. ఇంతకంటే స్వయంగా పని చేయడం ఇంకేముంటుంది? ఇప్పుడే ఇచ్చెయ్యమని అమీనుకు చెప్పాను. అతను కదల్లేదు. పూజకని యార్డు నుంచి వచ్చిన వెంకటప్పా అడ్డం వచ్చాడు.

"పూజ కానీ లాయరప్పా. అతిథిగా వచ్చిన మనిషికి అమ్మోరి ముందర కోర్టు కాగితం ఇస్తే మంచిది కాదు. మంగళారతి అయినాక ఇచ్చుకో."

నీ దావాయ్యా ఇది, నీ కోసమే కదా ఇంత తిప్పలు అన్నాను. అతను వినలేదు. చుట్టూ ఉన్న ఫిట్టర్లూ వినలేదు. అమీను సంగతి చెప్పనక్కరలేదు. ఆ పెద్దమనిషి అప్పటికే చెప్పులు విడిచి, తన సంచిని, అందులోని సమన్లతో సహా, పానాలూ సుత్తులూ పెట్టిన వరుసలో ఇంజన్ ముందు పెట్టేశాడు. అతని ఆయుధం అదేనట. దానికీ పూజ జరగాలట. నేను పళ్ళు కొరుక్కుంటూ నిలబడ్డాను. దొర పని ముగించి, పానా కింద పెట్టి, సబ్బుతో చేతులు కడుక్కుని, మడతలు విప్పి, గుండీలు పెట్టుకుని వచ్చి చాప మీద కూర్చున్నాడు. పూజారి ఇంజనుకు పెట్టాడు, పానాలకు పెట్టాడు, అమీను సంచిలోంచి తీసి చూపిన సమన్లకూ పసుపు కుంకుమలు పెట్టాడు. గుమ్మడికాయ కొట్టారు. ఆ తర్వాత బొరుగులూ బెల్లమూ పంచుతుంటే, అమీను దొర చేతిలో ఒక గుప్పెడు బొరుగులు పోసి, వాటి వెనకే సమన్లు అందించాడు. దొర అదీ ప్రసాదమే అనుకుని రెండు చేతులా తీసుకుని కళ్ళకద్దుకున్నాడు.

తర్వాత విప్పి చదివాడు. కోపం రాలేదు అతనికి. కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. చనిపోయిన మనిషి ఇల్లు ఎక్కడ అని ఇంగ్లీషులో అడిగాడు. వెంకటప్పకు లివరు పట్టడం నేర్పింది ఆ దొరే, ఇద్దరికీ ఏళ్ళ పరిచయం. వెంకటప్ప ముందు నడిచాడు, వెనక దొర, ఆ వెనక నేను.

గంగమ్మ తలుపు దగ్గర నిలబడింది. వెంకటప్ప గడప బయటే ఆగిపోయాడు. దొర పీట మీద కూర్చుని ఇంగ్లీషులో చెప్పడం మొదలుపెట్టాడు. వెంకటప్పను తెలుగులో చెప్పమంటే, నన్ను నేనే మంచోణ్ణని ఎట్ల చెప్పుకునేది అని తల వంచుకున్నాడు. అందుకని నేనే చెప్పాను. "అమ్మా, ఆ రాడ్డు లోపల ముందే చీలి ఉండాదంట. పైనుంచి చూస్తే ఎవురికీ తెలియదంట. వెంకటప్ప టయానికే బ్రేకు ఏసినాడంట. పరీక్షలో ఇది తేలిందంట."

గంగమ్మ దొర మొహంలోకే చూస్తూ విన్నది. "ఈ మాట మీ కోర్టులో చెప్తాడా, అడుగు" అంది.

అడిగాను. దొర తల అడ్డంగా ఊపాడు. ఉద్యోగం వాళ్ళ చేతిలో ఉంది, రేపటి పింఛనూ వాళ్ళ చేతిలోనే ఉంది, ఈ మాట రాసి సంతకం పెట్టమంటే తాను ఇదంతా అననే లేదని చెప్పాల్సి వస్తుందన్నాడు. అదీ తెలుగులో చెప్పాను.

"కోర్టులో చెప్పలేని మాట నాకెందుకు చెప్తా ఉండాడు? నేనేమన్నా జడ్జినా?"

దాన్ని నేను ఇంగ్లీషులోకి మార్చలేదు. ఆమె గొంతులోనే అతనికి అర్థమైంది. లేచి, నమస్కారం పెట్టి వెళ్ళిపోయాడు. గంగమ్మ వెంకటప్ప వైపు చూడకుండానే తలుపు వేసుకుంది.

ఆ తర్వాత కంపెనీ తరఫున బెంగళూరు నుంచి ఒక పెద్ద వకీలు దిగాడు. అండర్ ప్రొటెస్ట్ వచ్చానన్నాడు. అంటే, మా మీద నీకు అధికారం లేదని చెప్పడానికి మాత్రమే వచ్చాను, ఇంకెందుకూ రాలేదు అని. వచ్చీ రాకుండా ఉండటం కూడా చట్టంలో ఒక పద్ధతే. అతని వాదన విని నా చెవులు కాలాయి. సమన్లు ఇచ్చే సమయానికి తమ ఇంజనీరు ఏ పనీ చేయడం లేదట, చేతులు కడుక్కుని మతపరమైన ఒక వేడుకలో అతిథిగా కూర్చున్నాడట. సమన్లను ప్రసాదంతో కలిపి ఇచ్చారట. అతను తెచ్చి పెట్టిన ఆ సమన్లనే జడ్జిగారు వెలుతురులోకి ఎత్తి చూశారు. కుంకుమ బొట్టు సరిగ్గా కోర్టు సీలు పక్కనే ఉంది. అమీను వెనక బెంచీ దగ్గర చేతులు కట్టుకుని నిలబడ్డాడు. అతన్ని తిట్టడానికి కూడా నాకు ఓపిక లేకపోయింది.

అయినా పొద్దున అతను బ్రేకు కింద దూరి పని చేయడం నేను కళ్ళారా చూశానని గట్టిగా వాదించాను. అప్పుడు ఆ పెద్ద వకీలు ఇంకో కాగితం తీశాడు. ఆ రోజు సెలవు, యంత్రాల మీద ఎవరూ ఏ పనీ చేయలేదు అని గని యాజమాన్యం ఇచ్చిన సర్టిఫికెట్. కింద మా చిత్తూరు మిత్రుడి సంతకం. గని మనది, చచ్చింది మనవాడు, సర్టిఫికెట్ మాత్రం వాళ్ళకు. ఆ మనిషి వైపు తిరిగి చూశాను. అతను ఫైలులో ఏదో వెతుకుతున్నట్టు తల దించుకున్నాడు. సమన్లు చెల్లవన్నారు జడ్జిగారు. కంపెనీ దావాలోంచి బయటికి వెళ్ళిపోయింది.

ఇంక మిగిలింది గని యాజమాన్యం ఒక్కటే. రాడ్డు లేదు, రిపోర్టు లేదు, దొర లేడు. దావా కొట్టేస్తారని నాకు తెలుసు, వెంకటప్పకూ చెప్పేశాను. సాక్ష్యాల రోజు వరండాలో నిలబడి ఉంటే గంగమ్మ వచ్చింది. నేను పిలవలేదు. బోనెక్కుతానంది. ఆ తలుపు వేసుకున్న తర్వాత ఆమె ఏం ఆలోచించిందో, ఎన్నాళ్ళు ఆలోచించిందో నాకు తెలియదు. సాక్షిగా పేరు ఇచ్చి లోపలికి తీసుకెళ్ళాను.

షిఫ్టు దిగిన కూలీలతో కోర్టు హాలు నిండిపోయి ఉంది. నీకేం తెలుసో చెప్పమ్మా అన్నారు జడ్జిగారు. "దొర మా ఇంట్లో పీట మీద కూర్చోని చెప్పినాడు సామీ. రాడ్డు ముందే చీలి ఉండాదంట." ఇంతలో యాజమాన్యం వకీలు లేచాడు. ఎవరో చెప్పగా విన్న మాట సాక్ష్యం కాదు, ఆ చెప్పినవాడు కోర్టులో లేడు అన్నాడు. కంపెనీ మనిషి చెప్పిన మాట కదా అని నేను వాదిస్తే, ఆ రోజు అతను కంపెనీ మనిషి కాడు, అతిథి అని ఇదే కోర్టు తేల్చిందన్నాడు. చట్టం ప్రకారం అతను చెప్పింది తప్పు కాదు. జడ్జిగారు కళ్ళజోడు తీసి తుడుచుకుని, ఇది రాయవద్దని టైపిస్టుకు చెప్పారు. టైపు మిషను చప్పుడు ఆగిపోయింది.

గంగమ్మ ఆగలేదు. జడ్జిగారి వైపు నుంచి హాలులో జనం వైపు తిరిగింది. "ఆయన రాసుకోకపోతే పోనీ. మీరంతా వింటా ఉండారు కదా. వెంకటప్ప నా మొగుణ్ణి చంపలేదు. ఇన్ని దినాలూ నేనే తప్పుగా అనుకుంటిని."

దిగమన్నారు, దిగింది. వెనక నిలబడ్డ కేజి కూలీలు పక్కకు జరిగి, వెంకటప్పకు బెంచీ మీద చోటిచ్చారు. అంతవరకూ అతను తలుపు దగ్గరే నిలబడి ఉన్నాడు.

దావా కొట్టేశారు. నిరూపణ కాలేదని రాశారు. ఆ తర్వాతి ఏడు, మెరుగైన రకం అని చెప్పి, అన్ని షాఫ్టుల బ్రేకు రాడ్లూ మార్చేశారు. పంపింది ఆ కంపెనీయే. ఎందుకు మారుస్తున్నారో ఎవరూ అడగలేదు, ఎవరూ చెప్పలేదు. వెంకటప్ప సర్టిఫికెట్ తిరిగి రాలేదు. రిటైరయ్యేదాకా యార్డులోనే ఇనుము మోశాడు.

నా దగ్గరికి వచ్చే కుర్ర వకీళ్ళకు ఈ కేసు చెప్తుంటాను. అవతలివాడు ఎక్కడున్నాడని వెతికి కాళ్ళు అరగదీసుకోకండి, ఎక్కడా లేనని చెప్పుకునే వీలు వాడికి ఎవరు ఇచ్చారో ముందు చూడండి అంటాను. మా కేసులో ఇచ్చింది పరాయి దేశం ఒక్కటే కాదు. మనవాళ్ళు పెట్టిన సంతకాలే ఎక్కువ. ఇంత పెద్ద గనిని దొరల చేతిలోంచి తీసుకున్న దేశం, మోచేతి పొడవు ఇనుప ముక్కను వెనక్కి రప్పించలేకపోయింది. గంగమ్మ మాటతో న్యాయం జరిగిపోయిందని ఎవరైనా అంటే నాకు ఒళ్ళు మండుతుంది. జరగలేదు. కోర్టు చేయాల్సిన పనిని ఒక ఆడమనిషి ఒంటరిగా చేసింది, అంతే.

తీర్పు వచ్చిన రోజు కోర్టు వరండాలో నేను కాగితాలు సర్దుకుంటూ అందరినీ తిడుతున్నాను. గంగమ్మ వెంకటప్ప దగ్గరికి వచ్చింది. "సోమవారం మా ఆయన తిథి. భోజనానికి రా అన్నా" అంది. నన్నూ పిలిచింది. వెళ్ళాను. గంగమ్మ మొదట వెంకటప్ప ఆకులో వడ్డించింది. అతను ముద్ద కలిపి, నోట్లో పెట్టుకోలేక అలాగే కూర్చుండిపోయాడు. చల్లారిపోతా ఉండాది, తిను అంది ఆమె. తిన్నాడు. అతని పక్కనే కూర్చుని నేనూ కడుపు నిండా తిన్నాను, ముద్దముద్దకీ కోపం పెరుగుతుంటే.